డేరా క్రింద మల్లవిద్య: కోడి రామమూర్తి నాయుడుగారి వృత్తిజీవితము

హుజూర్‌నగర్‌కు చేరువలో మేళ్లచెరువు గ్రామము కలదు. అచటి శివాలయమున మహాశివరాత్రికి జరుగు జాతరలో ఎడ్ల పందెములు ప్రసిద్ధములు. పెద్ద బండను గొలుసుతో కాడికి తగిలించి, నిర్ణీతమైన కాలములో ఏ జత ఎంత దూరము లాగినదో కొలిచి బహుమానము లిత్తురు. చూచుటకు చుట్టుప్రక్కల గ్రామముల జనమంతయు కూడును. ఆ ఎడ్ల నిగనిగలాడు మూపురములను చూచి సంతోషింపనివా రుండరు. కాని ఆ మూపురముల వెనుక ఏడాది పొడుగునా ఉడికించి పెట్టిన ఉలవలు కలవు, పత్తిగింజలు కలవు, పొద్దుననే లేచి ఒళ్లు తోమిన చేతులు కలవు. పందెములో గెలిచిన బహుమతి ఆ మేతకు సరిపోవుట అరుదు. రైతు ఆ వ్యయమును పేరు కొరకు భరించును.

బలమునకు మేత కావలెను. ఆ మేత ఎవరు పెట్టవలెను? మనుష్యుల మల్లవిద్య చరిత్రయు ఈ ప్రశ్న చుట్టునే తిరిగినది. మల్లుడు మాగాణి సాగుచేయడు, మగ్గము నేయడు. అతని పని సాధన, అతని పెట్టుబడి శరీరము. ఆ శరీరము పదిమందికి పెట్టు అన్నమును ఒక్కటే తినును. అందుచేత అతనిని పోషించువాడొకడు ఉండవలెను. మొదట ఆ పోషకుడు రాజు. తరువాతి కాలమున ఆ స్థానము టిక్కెట్టు కొనిన సామాన్యునికి వచ్చినది. ఈ మార్పును తెలుగుదేశమున తన జీవితములోనే అనుభవించి, తానే మల్లుడును తానే ప్రదర్శన నిర్వాహకుడునై నిలిచిన పురుషుడు కోడి రామమూర్తి నాయుడుగారు. వారి వృత్తిచరిత్రను చెప్పుటకు ముందు రాజుల నాటి పద్ధతిని కొంచెము తెలిసికొనుట మంచిది.

మన నల్లగొండ సీమకు ఆ పద్ధతి పరాయిది కాదు. పానగల్లు రాజధానిగా ఈ ప్రాంతము నేలిన కందూరు చోళులు కల్యాణి చాళుక్యులకు సామంతులు. ఆ చాళుక్య చక్రవర్తుల బిరుదములను చూడుడు: ఆహవమల్లుడు, త్రిభువనమల్లుడు, జగదేకమల్లుడు, భూలోకమల్లుడు. మల్లశబ్దము లేని చక్రవర్తి అరుదు. ఇందులో భూలోకమల్లుడనగా 1127 నుండి 1138 వరకు పాలించిన మూడవ సోమేశ్వరుడు. ఇతడు రచించిన మానసోల్లాసమను సంస్కృత గ్రంథములో మల్లవినోదమను ప్రకరణమున్నది. మల్లులను వారి వయస్సును బట్టి, దేహమును బట్టి, బలమును బట్టి తరగతులుగా విభజించుట, వారికి రాజు పెట్టించవలసిన ఆహారము, బరువులెత్తుట, నడక, నీటిలో సాధన, స్తంభముపై సాధన, తుదకు రాజసభ ఎదుట జోడీలను కూర్చి పోరాడించుట, ఇవన్నియు అందు వర్ణింపబడినవి. ఈనాటి పోటీల నిర్వాహకుడు చేయు పనులలో టిక్కెట్టు అమ్ముట యొక్కటి తప్ప తక్కినవన్నియు ఆనాడు రాజు చేసినాడన్నమాట.

విజయనగరములోను ఇంతే. శ్రీకృష్ణదేవరాయల కాలమున 1520 ప్రాంతములో వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పయస్, మహర్నవమి ఉత్సవములలో జరిగిన మల్లయుద్ధములను కన్నులార చూచి వ్రాసినాడు. పండ్లు రాలునట్లుగా గుద్దులాట జరిగినదనియు, ఇరువురిని సమానముగా నిలిపి గెలిచినవానికి గౌరవమిప్పించుటకు మల్లులలో నాయకులును న్యాయనిర్ణేతలును ఉండిరనియు అతడు తెలిపినాడు. రాయలు సైతము ప్రతిదినము వేకువననే సాము చేసి, మల్లునితో కుస్తీ పట్టెడివాడట. పోషకుడు తానే మల్లుడైన చోట విద్యకు లోటెక్కడిది?

పందొమ్మిదవ శతాబ్ది నాటికి ఈ స్థితి మారినది. పెద్ద రాజ్యములు పోయినవి. సంస్థానములును జమీలును మిగిలినవి. హైదరాబాదు రాజ్యములో నవాబులు, జాగీర్దారులు పహిల్వానులను పోషించి తాలీములను నడిపించిరి. ఉత్తర హిందూస్థానములో పటియాలా, దతియా వంటి సంస్థానములు గొప్ప మల్లులకు ఆశ్రయమైనవి. కాని బ్రిటిషు పాలనలోని జిల్లాలలో ఒక పల్లెటూరి కుర్రవానికి కండబలము కలిగినచో, దానితో బ్రతుకుటకు దారి యేది?

ఆ దారి అప్పుడప్పుడే తెరచుకొనుచుండెను. ఇటలీ దేశస్థుడైన కియారిని సర్కసును బొంబాయిలో చూచి, మహారాష్ట్రుడైన విష్ణుపంత్ ఛత్రే 1880లో స్వదేశపు సర్కసును నెలకొల్పినాడు. బంగాళమున ప్రియనాథ బోసు సర్కసు 1887లో బయలుదేరినది. మలబారులో తలచేరి వద్ద కీలేరి కుంఞికణ్ణన్ 1901లో సర్కసు విద్యకు పాఠశాల పెట్టినాడు. 1905 ప్రాంతమున యూజెన్ శాండో అను జగత్ప్రసిద్ధుడైన వస్తాదు ఈ దేశమందు పర్యటించి, కండలు చూపి ధనమార్జించుట ఎట్లో కండ్లయెదుట నిరూపించి పోయినాడు. రాజసభ లేకున్నను డేరా యున్నచో చాలునని యువకులకు తోచిన కాలమది.

ఆ తరమువాడే రామమూర్తి నాయుడు. ఆయన 1880 దశకపు తొలి సంవత్సరములలో వీరఘట్టమున జన్మించినారు. ఆ గ్రామము నాడు విశాఖపట్టణము జిల్లాలోనిది. 1950లో శ్రీకాకుళము జిల్లా యేర్పడగా అందు చేరినది. 2022 నుండి పార్వతీపురము మన్యము జిల్లాలో నున్నది. తండ్రి వెంకన్న నాయుడు. తల్లి చిన్నతనముననే గతించుటచేత, బాలుని విజయనగరములో పోలీసు ఉద్యోగియైన పినతండ్రి నారాయణస్వామి యింటికి పంపినారు. చదువుకంటె గోదాయే ఆ బాలునికి ప్రీతిపాత్రమైనది. పూసపాటి ప్రభువుల రాజధానియైన విజయనగరములో సంగీతమునకు వలెనే సాముగరిడీలకును ఆదరము కలదు. ఇరువదియొక సంవత్సరముల వయస్సు నాటికే టన్నున్నర బరువును రొమ్ముపై మోయుచుండెడివారని, తరువాత అది మూడు టన్నులకు పెరిగినదని చెప్పుదురు.

ఇచట గమనింపదగిన విషయమొకటి కలదు. ఆయన వెంటనే ప్రదర్శనలకు దిగలేదు. మదరాసు సమీపమున సైదాపేటలో వ్యాయామోపాధ్యాయ శిక్షణ పొంది, విజయనగరమునకు తిరిగివచ్చి పిల్లలకు వ్యాయామము నేర్పినారు. అనగా వస్తాదు కాకముందే ఆయన పంతులు. ఈ పంతులుతనము జీవితాంతము వదలలేదు. తరువాతి కాలమున దేశమంతయు ఆయనను ప్రొఫెసరు రామమూర్తి అని పిలిచినది. ఆనాడు సర్కసు యజమానులలో ఆ బిరుదమును తగిలించుకొన్నవారు పలువురుండిరి. కాని వీరి విషయమున అది కేవలము అలంకారము కాదు.

పొట్టి పంతులు అను మిత్రుని ప్రోత్సాహముతో ఆయన విజయనగరమున సర్కసు సంస్థను స్థాపించినారు. సర్కసు సంస్థ అనగా నేమి? వినోదము చూడబోవు మనకు ఒక సాయంకాలపు ముచ్చట. నడుపువానికి అది ఒక చిన్న సంస్థానము. గుడారము, స్తంభములు, దీపములు, వాద్యములు, జంతువులు, ఆటగాండ్రు, వంటవారు, వీరందరిని రైలు పెట్టెలలో ఎక్కించి ఊరూరికి త్రిప్పవలెను. ఊరిలో దిగిన వెంటనే మైదానమునకు అధికారుల అనుమతి కావలెను. దండోరా వేయింపవలెను, కరపత్రములు పంచవలెను. నేల, బెంచీ, కుర్చీ అని తరగతులు పెట్టి, అణాలు లెక్కపెట్టుకొనవలెను. వాన కురిసినచో ఆట లేదు. ఆట లేకున్నను ఏనుగునకు మేత తప్పదు. మానసోల్లాసకాలమున రాజు భాండాగారము మోసిన భారమునంతయు ఇప్పుడు డేరా గుమ్మము దగ్గర కూర్చున్న టిక్కెట్ల పెట్టె మోయవలసి వచ్చినది.

ఆ పెట్టె నిండవలెనన్నచో ఒక్క ఆకర్షణ కావలెను. రామమూర్తిగారి డేరాకు ఆ ఆకర్షణ రామమూర్తిగారే. ఒడలికి బిగించిన ఇనుపగొలుసును ఊపిరి పూరించి తెంచుట, రెండు మోటారుకార్లను చెరియొక ప్రక్కను కట్టి కదలనీయకుండ నిలుపుట, రొమ్ముపై పలక వేయించి ఏనుగును నిలుపుట, ఇవి ఆయన ప్రసిద్ధ ప్రదర్శనలు. నేటి శ్రోతకు సందేహము కలుగవచ్చును: ఇది నిజమా, కనికట్టా?

రెండును కాదు, విద్య. పలక వెడల్పుగా నుండుటచే ఏనుగు బరువు ఒక్కచోట గ్రుచ్చుకొనక శరీరమంతటను వ్యాపించును. పలక కొనలు నేలను తాకి యున్నచో కొంత బరువు నేలకే పోవును. ఊపిరిని నిండుగ బంధించినప్పుడు ప్రక్కటెముకల గూడు గాలి నింపిన తిత్తివలె బిగిసి నిలుచును. కార్ల విషయములోను చక్రములు వేగము పుంజుకొనకముందే పట్టు బిగించుట ప్రధానము. కాని ఈ యుక్తులన్నియు తెలిసినంత మాత్రమున ఏ ఒక్కరును పోయి ఏనుగు క్రింద పరుండజాలరు. ఒక క్షణము శ్వాస సడలినచో ప్రాణమే పోవును. ఆ శ్వాసను సడలనీయకుండుటకే ఆయన ప్రాణాయామమును, దండ బైఠక్కులను ఏండ్ల తరబడి సాధించినారు. తన బలము మాంసాహారము వలన వచ్చినది కాదనియు, యోగాభ్యాసమువలన వచ్చినదనియు చాటుట ఆయనకు ప్రీతి. బలహీనులమని తమను తాము తలచుకొనుచుండిన జనులకు ఆ మాట ఎంత ధైర్యమిచ్చెనో ఊహింపవచ్చును.

కాలమును కూడ జ్ఞాపకముంచుకొనుడు. 1905లో వంగవిభజన జరిగినది. స్వదేశీ ఉద్యమము దేశమును కదిలించినది. ఆ సంవత్సరములలో వ్యాయామశాల యన్నది కేవలము కండలు పెంచు చోటు కాదు. పరపాలనలో క్రుంగిన జాతి తలయెత్తు చోటు. అందుచేతనే రామమూర్తిగారి పేరుతో ఆనాటి మహానాయకుల పేర్లు పెనవేసికొని యున్నవి. పూనాలో లోకమాన్య తిలక్ ఆయనకు మల్లమార్తాండ బిరుదమిచ్చినారని, రాజప్రతినిధి మింటోప్రభువు తన కారునే ఆపి చూపుమని కోరినాడని, పండిత మదనమోహన మాలవీయ అలహాబాదులో ఆయన ప్రదర్శన నేర్పాటు చేయించినారని, లండనులో ఐదవ జార్జి దంపతుల యెదుట విద్య చూపి ఇండియన్ హెర్క్యులిస్ అను బిరుదము నందినారని చెప్పుకొందురు. ఆంధ్రులు మాత్రము కలియుగభీముడని పిలుచుకొన్నారు. వీనిలో కొన్ని కథలు నోట నోట పెరిగి యుండవచ్చును. కాని ప్రజలు ఎవరిని గూర్చి కథలు పెంచుదురో వారిని గుండెలలో పెట్టుకొన్నారనుట నిజము.

నిర్వాహకుడుగా ఆయన విలువను తెలుపునది మరియొక ఉదాహరణము. కలకత్తాలో ఆయన డేరా వేసినప్పుడు భవేంద్రమోహన సాహా అను వంగయువకుడు చూడవచ్చినాడు. చూచి, ఇల్లు విడిచి, ఆ సర్కసులో చేరినాడు. రామమూర్తిగారి వద్ద విద్య నేర్చి, వారితో రంగూను, సింగపూరు, జావా మున్నగు చోట్లకు పోయినాడు. ఆ యువకుడే తరువాత భీమభవానీ అను పేరుతో వంగదేశమంతట కీర్తిగాంచి, 1922లో నడివయస్సు రాకుండగనే మరణించినాడు. తెలుగువాని డేరాలో వంగయువకుడు శిష్యుడగుట సామాన్య విషయము కాదు. రాజులు మల్లులను పోషించిరి, తయారుచేయలేదు. రామమూర్తిగారి డేరా పగలు పాఠశాల, రాత్రి రంగస్థలము.

ఇదే సమయమున మల్లవిద్య వ్యాపారము లండనులో ఎట్లుండెనో పోల్చి చూచిన ఈ భేదము స్పష్టపడును. 1910లో ఆర్. బి. బెంజమిన్ అను నిర్వాహకుడు గామా పహిల్వానును, అతని సోదరుడు ఇమాంబక్షును, మరికొందరిని లండనుకు తీసికొనిపోయినాడు. పొడవు చాలదని గామాకు మొదట పోటీలో ప్రవేశము దొరకలేదు. అప్పుడు బహిరంగముగా సవాలు ప్రకటింపబడినది. డాక్టర్ రోలరు అను అమెరికా మల్లుని గామా పడగొట్టగానే తలుపులు తెరచుకొన్నవి. సెప్టెంబరు 10న పోలండు మల్లుడు జ్బిస్కోతో రెండున్నర గంటలకు పైగా పోరు జరిగినది. జ్బిస్కో నేలను కరచుకొని లేవకుండుటచే ఫలితము తేలలేదు. మరల పోరాడుటకు నిర్ణయించిన 17వ తేదీన అతడు రాలేదు. గామాకు జయము, 250 పౌనుల బహుమానము, జాన్‌బుల్ పటకా లభించినవి. 1928లో పటియాలా మహారాజు వారిరువురిని మరల కలిపి పోరాడించినప్పుడు గామా ఒక నిమిషములోపే గెలిచినాడు.

ఒకే మల్లునికి రెండు పోరాటములు. మొదటిది వ్యాపారి కూర్చినది, రెండవది రాజు కూర్చినది. లండను వ్యాపారికి సవాలు, ప్రకటన, వసూలు ముఖ్యములు. మల్లుడు అతనికి సరుకు. పటియాలా రాజుకు పోరాటము ప్రతిష్ఠ. మల్లుడు అతనికి ఆస్థాన భూషణము. ఈ రెండింటి నడుమ రామమూర్తిగారు మూడవ మార్గము త్రొక్కినారు. ఆయన ఎవరికిని సరుకు కాలేదు, ఎవరి ఆస్థానమునను కూర్చుండలేదు. తన విద్యకు తానే యజమాని.

అయితే ఆ స్వాతంత్ర్యమునకు మూల్యము చిన్నది కాదు. లండను నిర్వాహకునికి ఒక మల్లుడు దెబ్బతిన్నచో మరియొకడు దొరకును. యజమానియే మల్లుడైనప్పుడు అతని శరీరమే సంస్థకు మూలధనము. అది చెడినచో డేరా దిగిపోవలసినదే. సంపాదించిన ధనమును రామమూర్తిగారు దాచుకొనలేదు. జాతీయ కార్యములకును, దానములకును ధారాళముగా వెచ్చించినారని చెప్పుదురు. తుదకు కాలికి వ్యాధి సోకి, శస్త్రచికిత్సచే కాలినే తీసివేయవలసి వచ్చినది. ఆ సమయమున మత్తుమందు వలదని, ప్రాణాయామముతోనే బాధను సహించినారని ప్రతీతి. ఏనుగును మోసిన వాని కాలిని కాపాడుటకు ఏ టిక్కెట్ల పెట్టెయు అక్కరకు రాలేదు.

చివరి దినములు ఒరిస్సాలోని బొలంగీరులో, సంస్థానాధీశుల ప్రాపున గడచినవి. 1942 జనవరి 16న అచటనే కన్నుమూసినారు. రాజాశ్రయము లేకుండ సామాన్యుని అణాలతో మల్లవిద్యను నిలిపిన వీరుడు, తన తుదిదినములలో మరల రాజాశ్రయమునకే చేరవలసి వచ్చుట ఈ చరిత్రలోని విషాదము. డేరా క్రింద కూర్చున్న వేలమంది ఆయనను మెచ్చుకొన్నారు. వారి మెప్పు నిజమైనదే. కాని మెప్పు ఆటతో మొదలై ఆటతో ముగియును. వృద్ధాప్యమున మల్లునికి అన్నము పెట్టు బాధ్యత టిక్కెట్టు మీద వ్రాయబడి యుండదు.

తరువాత ఏమైనది? 1949లో హైదరాబాదు రాజ్యమున జాగీర్లు రద్దయినవి. 1971లో సంస్థానాధీశుల రాజభరణములును పోయినవి. తాలీములకు పాత ఆసరా తొలగినది. ఆ నడుమ, 1950, 1960 దశకములలో, ఫ్రీస్టయిలు కుస్తీల నిర్వాహకులు పట్టణములలో గోడలనిండ ప్రకటన లంటించి కింగ్‌కాంగ్, దారాసింగులను పోరాడించినారు. 1968లో బొంబాయిలో దారాసింగు అమెరికా మల్లుడు లూ థెజ్‌ను ఓడించిన దినమున జనసమ్మర్ద మింతంత కాదు. అందులో పోరెంత, నటన యెంత అని ఆనాడే ఇంటింట వాదము జరిగినది. గొలుసు తెంపునప్పుడు రామమూర్తిగారిని ఎదురించినది మనుష్యుడు కాదు, ఇనుము. ఇనుముతో ముందుగా ఒప్పందము కుదుర్చుకొనుట కుదరదు. వృత్తికుస్తీకిని ఆయన ప్రదర్శనకును గల ముఖ్యభేదమిదే.

ఈనాడు శ్రీకాకుళములో క్రీడాస్థలమునకు ఆయన పేరు పెట్టినారు. విశాఖపట్టణము సముద్రతీరమున విగ్రహము నిలిపినారు. మంచి పనియే. విగ్రహమునకు మేత అక్కరలేదు. కాని పల్లెలో నేటికిని తెల్లవారుజామున మట్టిలో దిగి దండెములు తీయు బాలుడొకడు ఉన్నాడు. వానికి పాలు, పప్పు, గ్రుడ్డు కావలెను. నేర్పు గురువునకు జీతము కావలెను. కాలు విరిగిననాడు వైద్యము కావలెను. రాజు లేడు, డేరా లేదు. ఆ మేత పెట్టవలసినవారు ఇప్పుడు ప్రభుత్వమును, పాఠశాలయును, ఊరివారమైన మనమును.

వచ్చు శివరాత్రికి మేళ్లచెరువులో ఎడ్లు బండను లాగునప్పుడు మనమందరము చప్పట్లు కొట్టుదుము. పందెము ముగిసిన వెంటనే రైతు మాత్రము చప్పట్లు వినుచు నిలువబడడు. ముందుగ ఎడ్లను నీడకు కొనిపోయి, నీరు పెట్టి, ఒళ్లు తుడుచును. బలమును ప్రేమించువాడు చేయవలసిన పని అదియే. రామమూర్తి నాయుడుగారి విషయమున మన పెద్దలు చేయలేకపోయిన పనియు అదియే.